టోక్యో నుంచి చెల్లికి

చెల్లీ,

అమ్మ మోకాళ్ళ నొప్పి ఎలా ఉంది? మొన్న ఫోన్‌లో ఇక్కడి ఐడల్స్ గురించి, అదే గ్రూపులుగా పాడుతూ ఆడే కుర్ర గాయనుల గురించి అడిగావు కదా, ఆఫీసులో ఉండి సరిగ్గా చెప్పలేకపోయాను.

మా ఆఫీసులో యాభై దాటిన సీనియర్ ఒకాయన ఉన్నారు. రోజుకి నాలుగు మాటలు మాట్లాడితే ఎక్కువ. ఆయనే నన్ను ఇక్కడి అకిహబరా అనే పేటలోని ఏకేబీ48 థియేటర్‌కి తీసుకెళ్ళారు. టీవీలో చూసి సరిపెట్టుకోవడం కాదు, వెళ్ళి కలవగలిగే అమ్మాయిలు కావాలని నిర్మాత అకిమొతో యసుషి 2005లో పెట్టిన గ్రూపు అది. హాలు చిన్నది. పాట మొదలవగానే ఈయన రెండు చేతుల్లో తన అభిమాన గాయని రంగు లైట్లు పట్టుకుని, సరిగ్గా పాట ఆగిన చోటల్లా ఆమె పేరు అరుస్తున్నారు! వెనక వరసలో నిలబడ్డ పిల్ల ముందు వరసకి ఎలా వచ్చిందో, కూతురికి ర్యాంకు వచ్చిన తండ్రిలా చెప్పారు. ఆ అభిమానం నిజమైనదే చెల్లీ, నేను కళ్ళారా చూశాను.

నాకు కోపమల్లా ఆ అభిమానంతో చేసే వ్యాపారం మీదే. సీడీ కొంటే లోపల షేక్‌హ్యాండ్ టికెట్ ఉంటుంది. కొన్ని సెకన్లు మాట్లాడేసరికి స్టాఫ్ వచ్చి పక్కకి పంపేస్తారు. ఇంకాసేపు కావాలంటే ఇంకో సీడీ కొనాలి. 2009 నుంచి 2018 దాకా, ఏ అమ్మాయి ముందు వరసలో ఉండాలో తేల్చడానికి అభిమానుల ఎన్నికలు కూడా పెట్టారు, సీడీ కొంటే ఓటు వచ్చేది. ఒకే పాట కోసం వందల సీడీలు కొన్నవాళ్ళున్నారు.

పైగా చాలా గ్రూపుల్లో అమ్మాయిలు ప్రేమించకూడదు. 2013లో ఏకేబీ48లోని మినెగిషి మినామి ఒక అబ్బాయి ఇంటి నుంచి వస్తున్న ఫొటోలు పత్రికలో పడ్డాయి. ఆమె గుండు చేసుకుని, వీడియోలో ఏడుస్తూ క్షమాపణ అడిగింది. నీగత ఊళ్ళో ఏకేబీ48కి చెల్లెలి గ్రూపైన ఎన్‌జీటీ48లో పాడే యమగుచి మహో మీద 2018 డిసెంబరులో ఇంటి గుమ్మం దగ్గరే ఇద్దరు మగాళ్ళు దాడి చేశారు. ఆ సంగతి తనే బయటపెట్టింది. తర్వాతి నెల స్టేజీ మీద అభిమానులకి తల వంచి క్షమాపణ చెప్పిందీ తనే. దెబ్బ తిన్నది ఎవరు, క్షమాపణ చెప్పింది ఎవరు?

మన దగ్గర మాత్రం? హీరో పెళ్ళికి పండగ చేస్తాం, హీరోయిన్ పెళ్ళి చేసుకుంటే ఇక సినిమాలు మానేస్తుందా అంటాం.

మా సీనియర్‌ని అడిగాను, ఆయన అభిమాన గాయని ఎవరినైనా ప్రేమిస్తే ఏమంటారని. చాలాసేపు ఆలోచించి, "సుఖంగా ఉంటే చాలు, నాకు తెలియకపోతే ఇంకా మంచిది" అన్నారు. అంత మంచి మనిషి నోట ఆ మాట నాకు మింగుడు పడలేదు.

నువ్వు అడిగిన సీడీ ఒక్కటే పంపుతున్నాను, పాటలు విని ఎలా ఉన్నాయో రాయి. ఆదివారం ఫోన్ చేస్తానని అమ్మతో చెప్పు.

మీ అక్క