యుద్ధం వార్తల్లో మనుషులు ఏరీ?

ఎడిటర్ గారికి నమస్కారం.

ఉక్రెయిన్ యుద్ధం మొదలై ఏళ్లు గడుస్తున్నా మన పేపర్లలో వచ్చేది ఎన్ని డ్రోన్లు కూల్చారు, ఏ ఊరు ఎవరి చేతికి చిక్కింది అన్న లెక్కలే. అక్కడ జనం పొద్దున్నే లేచి ఏం వండుకుంటున్నారు, పిల్లల్ని బడికి ఎలా పంపుతున్నారు అన్నది ఎక్కడా కనపడదు.

మా పక్కింటి అమ్మాయి ఉక్రెయిన్‌లోని ఖార్కివ్‌లో ఎంబీబీఎస్ చదువుతూ 2022లో తిరిగొచ్చేసింది. బాంబుల గురించి ఎక్కువ చెప్పదు. మెట్రో స్టేషన్‌లో నేల మీద పడుకున్నప్పుడు ఎవరో ముసలమ్మ తన దుప్పటి సగం వీళ్ల మీద కప్పి, ఫ్లాస్కులోంచి టీ పోసిచ్చిందట, అదే పదే పదే చెబుతుంది. ఆ ఏడాది మార్చి 1న కర్ణాటక విద్యార్థి ఒకరు అదే ఊళ్లో సరుకుల కోసం బయటికెళ్లి చనిపోయాడు. సరుకులు తెచ్చుకోవడం కూడా ప్రాణాలకు తెగించే పనే అయింది.

అవే మెట్రో స్టేషన్లలో 2023 సెప్టెంబరు నుంచి బడులు నడుపుతున్నారు. రష్యా సరిహద్దు దగ్గరే కాబట్టి సైరన్ మోగాక పరుగెత్తి దాక్కునే టైం ఉండదు, అందుకని పిల్లల్ని ముందే భూమి కిందకి దించేశారు. షెల్టర్ దూరమైతే జనం ఇంట్లోనే కిటికీలు లేని నడవాలో పడుకుంటారు, బయటికీ తమకీ మధ్య రెండు గోడలుంటే మొదటి గోడ పేలుడును ఆపితే రెండోది గాజు పెంకుల్ని ఆపుతుందని. ఈ సంగతి పేపర్లో ఎందుకు రాదండీ?

2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి మా సింగ్ నగర్ మునిగినప్పుడు డాబాల మీద నిలబడి పాల ప్యాకెట్ల కోసం, ఫోన్ ఛార్జింగ్ కోసం ఎదురు చూసినవాళ్లం, కరెంటు లేని ఇల్లు ఎలా ఉంటుందో మాకు కొంచెం తెలుసు. మాకు నీళ్లు తీశాయి. వాళ్లకు ఏళ్లుగా చలికాలం అలాగే గడుస్తోంది.

2025 మేలో పాకిస్తాన్‌తో ఘర్షణ జరిగినప్పుడు మన టీవీ ఛానళ్లు చర్చల్లో సైరన్లు మోగిస్తే, వాడొద్దని కేంద్రమే చెప్పాల్సి వచ్చింది. ఇంట్లో పిల్లలకు టెన్షన్ తప్ప ఆ మోతతో ఒరిగిందేంటి? అదే టైంలో జమ్మూకశ్మీర్ సరిహద్దులోని పూంఛ్‌లో ఫిరంగి గుళ్లకు ఇళ్లు పోగొట్టుకున్న వాళ్ల గోడు మూలన పడింది.

దయచేసి ఆదివారం ఒక పేజీ కేటాయించండి. ఉక్రెయిన్ నుంచి తిరిగొచ్చిన విద్యార్థులు మన విజయవాడ, గుంటూరుల్లోనే ఉన్నారు, మీ విలేకరులు ముందు వాళ్లతో మాట్లాడాలి. గాజాలో రొట్టెల పిండి ఎలా దొరుకుతోంది, ఖార్కివ్ పిల్లలు పరీక్షలు ఎక్కడ రాస్తున్నారు, పూంఛ్‌లో కూలిన ఇళ్లు ఎంతవరకు లేచాయి, ఇవీ రాయండి.

– ఒక పాఠకురాలు, అజిత్ సింగ్ నగర్, విజయవాడ