లెర్నర్‌కు ఆస్కార్ తెచ్చింది రాక్ ఉత్సవం కాదు

సంపాదక మహాశయులకు,

గత నెల మీ ఆదివారం అనుబంధంలో సంగీత డాక్యుమెంటరీల దర్శకుడు ముర్రే లెర్నర్ మీద వచ్చిన వ్యాసం చదివి, సవరణ పడుతుందేమోనని మూడు ఆదివారాలు ఎదురుచూసి, ఇక పడదని తేలాక ఈ లేఖ రాస్తున్నాను. ఆయనకు ఆస్కార్ తెచ్చిపెట్టింది ఒక రాక్ సంగీతోత్సవమని మీ రచయిత సెలవిచ్చారు. కాదు. వయొలిన్ విద్వాంసుడు ఐజాక్ స్టెర్న్ 1979లో చైనా వెళ్లి అక్కడి విద్యార్థులకు పాఠాలు చెప్పిన యాత్ర మీద తీసిన ‘ఫ్రమ్ మావో టు మొజార్ట్’కు 1981లో ఆ పురస్కారం దక్కింది. సాంస్కృతిక విప్లవకాలంలో తాను అనుభవించిన నిర్బంధాన్ని షాంఘైకి చెందిన ఒక వయొలిన్ ఆచార్యుడు వివరించేది అందులోనే.

ఆ తప్పు కన్నా, ఆయన జీవితాన్ని ‘పేరున్న గాయకుల కచేరీలు చిత్రీకరించారు’ అన్న ఒక్క వాక్యంలో తేల్చేయడం నన్ను ఎక్కువ నొప్పించింది. 1970 ఆగస్టులో ఇంగ్లండ్‌లోని ఐల్ ఆఫ్ వైట్ దీవిలో జరిగిన రాక్ ఉత్సవంలో ఆయన వేదిక మీది గిటార్ విద్వాంసుడు జిమీ హెండ్రిక్స్‌నే కాక, టికెట్టు కొనకుండా కంచెలు తోసుకొచ్చిన జనాన్నీ, దిక్కుతోచని నిర్వాహకులనూ చిత్రీకరించారు. హెండ్రిక్స్ మూడు వారాలు తిరక్కుండానే కన్నుమూశాడు. డబ్బు సమకూరక ఆ చిత్రం మాత్రం పాతికేళ్లకు గానీ వెలుగు చూడలేదు. అమెరికాలోని న్యూపోర్ట్ జానపద సంగీతోత్సవంలో 1963 నుంచి 1965 దాకా గాయకుడు బాబ్ డిలన్‌ను తీసిన రీళ్లతో 2007లో, తన ఎనభయ్యో ఏట, మరో చిత్రం కూర్చారు. రీళ్లను ఎవరూ పారేయలేదు కాబట్టే కదా!

మన మద్రాసు సంగతి చూడండి. వయొలిన్ విద్వాంసుడు ద్వారం వెంకటస్వామి నాయుడు గారు 1964లో కన్నుమూశారు; ఘంటసాల గారు 1974లో, బాలమురళీకృష్ణ గారు 2016లో ఈ ఊళ్లోనే కన్నుమూశారు. నాయుడుగారు కమాను ఎలా నడిపేవారో చూపించమని వయొలిన్ నేర్చుకుంటున్న మా మనవరాలు అడిగితే, గోడమీది ఫొటో చూపించి ఊరుకున్నాను. పాత కచేరీల టేపుల కోసం ఒక సంగీత సభ కార్యాలయానికి వెళ్తే, 2015 వరదలో తడిసినవాటిని పాత సామాన్లవాడికి వేసేశామని, అదేదో శుభవార్త అయినట్టు చెప్పారు. ప్రభుత్వ శాఖకు అర్జీ పెడితే దాన్ని మరో శాఖకు పంపామని జవాబు వచ్చింది. ఆ మరో శాఖ ఏదో రాయాలని ఎవరికీ తోచలేదు. సర్కారుకు ఇది చేతకాని పనేం కాదు: 1976లో సత్యజిత్ రాయ్ భరతనాట్య కళాకారిణి బాలసరస్వతి గారి మీద ‘బాల’ తీస్తే డబ్బు పెట్టినవారిలో తమిళనాడు ప్రభుత్వమూ ఉంది. ఢిల్లీ వాళ్లయితే డాక్యుమెంటరీలు తీసే 1948 నాటి ప్రభుత్వ సంస్థ ఫిల్మ్స్ డివిజన్‌ను 2022లో వేరే సంస్థలో కలిపేసి చేతులు దులుపుకున్నారు. ఇక మన కుర్రాడెవడైనా సంగీత డాక్యుమెంటరీలు తీస్తానంటే, పెళ్లి వీడియోలు తీసుకు బతకమనే పెద్దలను తప్పుపట్టగలమా?

సవరణ వేయదలిస్తే దయచేసి అనుబంధంలోనే, వ్యాసం వేసినంత పెద్ద అక్షరాల్లో వేయండి. మీ అలవాటు ప్రకారం తొమ్మిదో పేజీలో టెండర్ ప్రకటనల కింద వేస్తే, భూతద్దం పెట్టుకుని వెతికే ఓపిక నాకిప్పుడు లేదు.

భవదీయుడు,
ఒక పాత పాఠకుడు,
మైలాపూర్, చెన్నై