బల్బోవా బీచ్ నుంచి నాన్నకి

నాన్నా,

ఫోన్‌లో చెబుదామంటే అమ్మ మధ్యలో లాగేసుకుంటుంది, అందుకే రాస్తున్నాను. మొన్న శనివారం బల్బోవా బీచ్‌కి వెళ్ళాం, మా ఇర్వైన్‌కి దగ్గరే. పిల్లలు ఇసుకలో ఆడుకుంటుంటే నేను ఒడ్డునే ఉన్న అపార్ట్‌మెంట్ల దగ్గర ఒక ఫలకం చదువుతూ నిలబడిపోయాను. ఒకప్పుడు అక్కడ రాండెవూ బాల్‌రూమ్ అని పెద్ద డాన్సు హాలు ఉండేది. 1961 ఎండాకాలంలో డిక్ డేల్ అనే కుర్రాడు అందులో గిటార్ వాయిస్తుంటే రాత్రికి మూడు వేల మంది పైనే వచ్చేవాళ్ళట, పగలంతా అలల మీద సర్ఫింగ్ చేసి, సాయంత్రం అదే ఉప్పు జుట్టుతో. టై లేనిదే లోపలికి రానివ్వద్దని ఊరి పెద్దలు షరతు పెడితే గుమ్మంలోనే టైలు పంచామని డేల్ చెప్పుకునేవాడు. కాళ్ళకి చెప్పుల్లేవు, మెడలో టై!

అసలు నీకు చెప్పాల్సింది ఆంప్లిఫయర్ల సంగతి. అంతమంది గెంతుతుంటే సౌండంతా వాళ్ళ ఒంట్లోకే ఇంకిపోయేది, డేల్ ఏమో ఇంకా పెంచు ఇంకా పెంచు అనేవాడు, పెట్టెలు వరసగా కాలిపోయేవి. వాటిని చేసిన లియో ఫెండర్‌ది ఇక్కడే ఫుల్లర్టన్, మొదట్లో రేడియోలు రిపేరు చేసుకునేవాడు, గిటార్ వాయించడం రాదు. చివరికి తనే వచ్చి ఆ జనంలో నిలబడి వింటే గానీ సంగతి అర్థం కాలేదట. తర్వాత 15 అంగుళాల స్పీకర్‌తో గట్టిది చేసిచ్చాడు.

చవితి పందిట్లో నీ ఆంప్లిఫయర్‌లోంచి పొగ వచ్చిన రాత్రి గుర్తొచ్చింది. రెండో పాట చరణంలో కాలిన వాసన, నువ్వు ప్లగ్ పీకేసి మైకుని గిటార్ పొట్టకి ఆనించి మిగతాది కానిచ్చావు. కమిటీ వాళ్ళు సగం డబ్బులే ఇచ్చారని అమ్మ ఇప్పటికీ అంటుంది.

డేల్‌ది ఎడమచేతి వాటం. మామూలు గిటార్‌నే, తీగలు మార్చకుండా, తిరగేసి పట్టుకునేవాడు, లావు తీగ కిందికొచ్చేది. నువ్వు చూస్తే తిట్టేవాడివి. వాళ్ళ నాన్నవైపు వాళ్ళది లెబనాన్. ఆ మధ్యధరా వైపు పాత బాణీ మిసిర్లూనే 1962లో వాయువేగంతో వాయించి రికార్డు చేశాడు. జనం దాన్నే కాలిఫోర్నియా సముద్రపు హోరు అనుకున్నారు, నాకదే భలే నచ్చింది.

హాలు 1966లో కాలిపోయింది. అప్పటికే ఇంగ్లాండు నుంచి వచ్చిన బీటిల్స్ బృందం గాలిలో, సర్ఫ్ పాటలనే ఈ డేల్ తరహా గిటార్ సంగీతం కొట్టుకుపోయింది.

మన పెట్టె ఇంకా అటక మీదే ఉందా? అమ్మ పాత సామాన్లవాడికి వేసేస్తానంటోంది, వెయ్యనివ్వకు. వెనక చెక్క విప్పి స్పీకర్ ఎన్ని అంగుళాలో కొలిచి ఫోటో పెట్టు.

నీ చిన్నోడు