పూల్ బంతుల పేర్పు: ఆ బొమ్మలో మూడు మూలలూ ఒకటే

సంపాదకులకు,

గత ఆదివారం సంచికలో పూల్ ఆట మీద మీరు వేసిన పరిచయ వ్యాసం చదివాం. క్రికెట్‌ను కాసేపు పక్కనపెట్టి క్యూ (బంతిని కొట్టే కర్ర) చేతపట్టిన పేజీ తెలుగు పత్రికల్లో అరుదు, అందుకు సంతోషం. అయితే దాని పక్కన అచ్చయిన బొమ్మ చూసుకుని కొత్తవాళ్లు బంతులు పేరిస్తే ఆదిలోనే హంసపాదు. ‘ఏ ఆటకైనా బంతుల్ని ట్రయాంగిల్‌లో పేర్చి నల్ల బంతిని మధ్యలో పెడితే సరిపోతుంది’ అని బొమ్మ కింద రాశారు. పూల్ అనేది ఒక్క ఆట కాదు. ఒక్కో ఆటకు ఒక్కో పేర్పు ఉంది. మీ బొమ్మలోని పేర్పు వాటిలో చాలావాటికి సరిపోదు.

ముందు 8-బాల్ సంగతి. మన పార్లర్లలో ఎక్కువగా ఆడేది ఇదే. బొమ్మలో అంచు చుట్టూ ఒక సాలిడ్ (ఒకే రంగు నిండిన 1 నుంచి 7 వరకు బంతి), ఒక స్ట్రైప్ (చార ఉన్న 9 నుంచి 15 వరకు బంతి), మళ్లీ సాలిడ్, మళ్లీ స్ట్రైప్ అని ముచ్చటగా పేర్చారు. ఆ అంచును లెక్కపెట్టి చూడండి. ట్రయాంగిల్ చుట్టూ ఉండేవి 12 బంతులు. ముందు మొనను 1 అనుకుని చుట్టూ తిరిగితే వెనక మూలలు 5, 9 స్థానాల్లో పడతాయి. 1, 5, 9 మూడూ బేసి సంఖ్యలే. అంటే ఒకటి విడిచి ఒకటిగా పేర్చినంత కాలం మూడు మూలల్లోనూ ఒకే జట్టు బంతులు వస్తాయి. వెనక మూలల్లో ఒకటి సాలిడ్, ఒకటి స్ట్రైప్ ఉండాలన్నది 8-బాల్‌కు ఉన్న రెండు మూడు కచ్చితమైన నియమాల్లో ఒకటి. చూడడానికి పొందిగ్గా ఉన్న ఆ బొమ్మ సరిగ్గా ఆ నియమం దగ్గరే తప్పింది.

ఈ అలవాటు మనకు ఎక్కడ అబ్బిందో ఊహించడం కష్టం కాదు. క్యారమ్స్‌లో రెడ్ చుట్టూ ఒక తెలుపు, ఒక నలుపు పేర్చి పెరిగిన చేతులు కదా. పూల్‌లో ఆ పద్ధతి లేదు. 8-బాల్ పేర్పుకు కావలసింది ఇంతే: మొన బంతి ఫుట్ స్పాట్ (బంతులు పేర్చే వైపు టేబుల్ మీద ఉండే చుక్క) మీద ఉండాలి, 8, అంటే నల్ల బంతి, మూడో వరుస నడుమ ఉండాలి, వెనక రెండు మూలల్లో ఒక్కో జట్టు నుంచి ఒక్కో బంతి ఉండాలి. మిగతావి ఎలా పడితే అలా వేయాలి, కావాలని ఒక వరుసలో పెట్టకూడదు. మొనలో 1 ఉండాలన్నది కూడా 8-బాల్‌లో లేని నియమమే, అక్కడ ఏ బంతైనా ఫరవాలేదు. ‘మధ్యలో’ అన్న మాట కూడా కొందరిని తికమక పెడుతుంది. ట్రయాంగిల్‌లో వరుసకు 1, 2, 3, 4, 5 బంతులుంటాయి. 8 ఉండాల్సింది మూడు బంతుల వరుసలో, నడిమి చోట. నాలుగో వరుసకు అసలు నడిమి చోటే లేదు.

తొందరగా అయ్యే దారి ఒకటుంది. 15 బంతుల్నీ చూడకుండా ట్రయాంగిల్‌లోకి తోసేయండి. 8 ఎక్కడుందో చూసి మూడో వరుస నడుమ ఉన్న బంతితో మార్చండి. ఆపైన వెనక మూలలు చూడండి. రెండూ ఒకే జట్టువైతే ఒకదాన్ని పక్కనున్న అవతలి జట్టు బంతితో మార్చండి. రెండు మార్పుల్లో పని అయిపోతుంది.

8-బాల్‌లో నల్ల బంతినే స్పాట్ మీద పెట్టాలని వాదించేవాళ్లూ ఉన్నారు. అది పూర్తిగా గాలి మాటేమీ కాదు. బ్రిటన్‌లో చిన్న టేబుల్ మీద ఎర్ర, పసుపు బంతులతో ఆడే బ్లాక్‌బాల్‌లో నల్ల బంతి స్పాట్ మీదే కూర్చుంటుంది, మొన దానికి ముందుకు వస్తుంది. అంకెల బంతులతో ఆడే అమెరికన్ పూల్‌లో మాత్రం స్పాట్ మీద మొన బంతి ఉండాలి. ఈ టేబుల్ మీద ఆ పేర్పు పేరిస్తే గుంపు మొత్తం రెండు వరుసలు, అంటే దాదాపు 10 సెంటీమీటర్లు ముందుకు జరిగిపోతుంది.

9-బాల్‌కు 1 నుంచి 9 వరకు బంతులు చాలు. వరుసకు 1, 2, 3, 2, 1 చొప్పున పేరిస్తే డైమండ్ ఆకారం వస్తుంది. 1 మొనలో, 9 సరిగ్గా నడుమ, మిగతావి ఎలాగైనా. మీ వ్యాసం దీన్ని కూడా ట్రయాంగిల్ ఖాతాలోనే వేసింది. డైమండ్ చట్రం లేని పార్లర్‌లో ట్రయాంగిల్‌తోనే పేర్చవచ్చు గానీ, అప్పుడు వెనక మూడు బంతులకు చట్రం ఆసరా ఉండదు. వాటిని వేళ్లతో అదిమి పట్టకపోతే సందు పడేది అక్కడే. 10-బాల్‌లో 1 మొనలో, 10 మూడో వరుస నడుమ. కొన్ని టోర్నమెంట్లలో వెనక మూలల్లో 2, 3 పెట్టమంటారు. రొటేషన్‌కు 15 బంతులూ కావాలి: 1 మొనలో, 2, 3 వెనక మూలల్లో, 15 నడుమ. అందులో పడేసిన బంతి మీది అంకే పాయింట్లు. బంతుల అంకెలన్నీ కలిపితే 120, అందుకే 61 పాయింట్లు వస్తే గెలుపు ఖాయం. వన్ పాకెట్‌లో ఏ బంతి ఎక్కడున్నా అడగరు.

స్ట్రెయిట్ పూల్ మనవైపు ఆడేవాళ్లు తక్కువే గానీ దాని పేర్పు చూడముచ్చటగా ఉంటుంది. 14 బంతులు పాకెట్లలో పడ్డాక పదిహేనోదాన్ని ఉన్నచోటే వదిలేసి, ఆ 14నే మళ్లీ పేరుస్తారు. మొన చోటు ఖాళీగా ఉంటుంది. ఆటగాడు మిగిలిన ఆ ఒక్క బంతిని పాకెట్ చేస్తూ క్యూ బాల్‌తో, అంటే కొట్టే తెల్ల బంతితో, గుంపును పగలగొట్టాలని చూస్తాడు. అది గుంపు చోటులోకి వచ్చిందా లేదా అన్న తగువు రాకుండా ట్రయాంగిల్ బయటి అంచు వెంట టేబుల్ మీది క్లాత్ మీద పెన్సిల్‌తో సన్నని గీత గీసి ఉంచుతారు.

ఇదంతా ఏ బంతి ఎక్కడ అన్న లెక్క. మీ వ్యాసం అసలు ముట్టుకోని సంగతి బిగువు, అంటే బంతులు సందు లేకుండా ఒకదానికొకటి ఆనుకోవడం. బంతులు సరైన చోట్ల ఉండి కూడా బ్రేక్ (గుంపును పగలగొట్టే మొదటి దెబ్బ) చప్పగా చచ్చిపోయిందంటే, పదిలో తొమ్మిదిసార్లు తప్పు కొట్టినవాడిది కాదు, పేర్చినవాడిది. 15 బంతుల గుంపులో ఒకదానికొకటి తాకే చోట్లు 30. 10-బాల్‌లో 18, 9-బాల్‌లో 16. వాటిలో అన్నిటికన్నా ముఖ్యమైనవి మొన బంతికీ దాని వెనకున్న రెండు బంతులకూ మధ్య ఉన్న రెండు. మొన బంతి ఆ రెండింటినీ తాకుతూ ఉంటే దెబ్బ ఒకేసారి రెండు వైపులకూ పాకుతుంది. ఒక పక్క వెంట్రుకవాసి సందు ఉన్నా, దెబ్బ ముందుగా రెండో పక్కకు వెళ్లిపోతుంది. ఆ వైపు బంతులు చెల్లాచెదురవుతాయి, ఈ వైపు నాలుగైదు ముద్దగా అక్కడే మిగులుతాయి. బ్రేక్ తర్వాత గుంపు ఒకవైపే విడిపోయిందంటే రెండో వైపు సందు ఉండే ఉంటుంది.

బిగువు రావాలంటే చేతుల పనితనం కావాలి. టేబుల్ ఫుట్ చివర, అంటే బంతులు పేర్చే వైపు, మధ్యలో నిలబడాలి. బొటనవేళ్లు చట్రం మీద, మిగతా వేళ్లు చట్రం లోపల వెనక వరుస బంతుల వెనక ఉండాలి. గుంపును స్పాట్‌కు కాస్త వెనక నుంచి ముందుకు దొర్లించుకుంటూ వచ్చి, మొన స్పాట్ మీదికి రాగానే ఆపి, వేళ్లతో ముందుకు అదిమి పట్టాలి. చాలామంది స్పాట్ దాటించి మళ్లీ వెనక్కి లాగుతారు. వెనక్కి లాగినప్పుడు బంతులకు వెనక్కి దొర్లే ఊపు వస్తుంది, చట్రం ఆగినా అవి ఆగవు, వరుసల మధ్య సందులు పడతాయి. దాటిపోతే మొత్తాన్ని వెనక్కి తెచ్చి మళ్లీ ముందుకు దొర్లించడమే. వేళ్లు తీసేటప్పుడు రెండు చేతులూ ఒకేసారి, మెల్లగా తీయాలి. తర్వాత చట్రాన్ని ముందుకు నాలుగైదు మిల్లీమీటర్లు జరపండి. దాని పక్కలు ఏటవాలుగా ఉంటాయి కనుక ముందుకు జరగగానే అన్ని బంతుల్నీ ఒకేసారి వదిలేస్తుంది. అప్పుడు నిట్టనిలువుగా పైకెత్తాలి. వెనక అంచు ముందు లేపితే మొన భాగం కిందికి వాలి మొదటి బంతిని తడుతుంది. అంతవరకు పడ్డ కష్టమంతా అక్కడ పోతుంది.

చట్రం తీశాక నిలబడి ఎదురుగా చూస్తే సందులు కనపడవు. గుంపు మీదికి వంగి నేరుగా పైనుంచి చూడాలి. రెండు బంతుల అంచుల మధ్య క్లాత్ దారంలా కనపడిందంటే అక్కడ సందు ఉన్నట్టే. ఫోన్‌తో పైనుంచి ఫోటో తీసి పెద్దది చేసి చూసినా తెలుస్తుంది. అలాగే వెనక వరుస ఫుట్ కుషన్‌కు (ఆ వైపు టేబుల్ అంచు దిండుకు) సమాంతరంగా ఉందా, మొన నుంచి గీత గీస్తే ఎదుటి కుషన్ నడిమి డైమండ్‌కు (అంచు మీద ఉండే గుర్తుకు) పోతుందా అన్నది చూసుకోవాలి.

ఎంత జాగ్రత్తగా పేర్చినా మొన బంతి తన చోట నిలవకపోతే ఆ తప్పు టేబుల్‌ది. స్పాట్ దగ్గర వేల బ్రేకులు పడి క్లాత్‌లో చిన్న గుంత ఏర్పడుతుంది. మొన బంతి ఆ గుంతలోకి జారి వెనకవాటిని వదిలేస్తుంది. స్పాట్ స్టిక్కర్ అంచు లేచినా ఇదే గతి. కొన్నిచోట్ల మార్కర్ (పార్లర్‌లో బంతులు పేర్చి లెక్క చూసేవాడు) బంతి నెత్తిన ఇంకో బంతితో టకటకా కొట్టి కూర్చోబెడతాడు. ఆ పూటకు నిలుస్తుంది, గుంత ఇంకా లోతవుతుంది. తప్పనిసరైతే తప్ప బంతుల్ని అలా కొట్టవద్దనీ, ఆ చోట క్లాత్‌ను బాగా బ్రష్ చేయమనీ ప్రపంచ పూల్ సంఘం మార్గదర్శకాలే చెబుతున్నాయి. స్టిక్కర్ ఊడిపోతే కొత్తది ఎక్కడ అంటించాలో కూడా చాలామందికి తెలియదు. ఫుట్ వైపు నుంచి పొడుగు కుషన్ల రెండో డైమండ్లను కలుపుతూ ఒక దారం, పొట్టి కుషన్ల నడిమి డైమండ్లను కలుపుతూ ఇంకో దారం లాగండి. అవి ఖండించుకునే చోటే స్పాట్. 9 అడుగుల టేబుల్ మీద అది ఫుట్ కుషన్ నుంచి 25 అంగుళాలు, 8 అడుగుల టేబుల్ మీద 22.

బంతుల్లో కూడా తేడాలుంటాయి. పూల్ బంతి వ్యాసం 57.15 మిల్లీమీటర్లు. పోయిన బంతి స్థానంలో వేరే సెట్‌ది తెచ్చి కలిపితే, అరిగిన పాతవాటి మధ్య కొత్తది కాస్త లావుగా నిలిచి చుట్టూ సందులు చేస్తుంది. అలాంటి సెట్‌తో ఎవరు పేర్చినా బిగువు రాదు. స్నూకర్, పూల్ టేబుళ్లు రెండూ ఉన్నచోట చట్రాలు తారుమారు కావడం ఇంకో తంటా. స్నూకర్ బంతి 52.5 మిల్లీమీటర్లు. అయిదు బంతుల వరుసకు 23 మిల్లీమీటర్ల తేడా వస్తుంది. పూల్ చట్రంలో స్నూకర్ రెడ్లు వేస్తే గలగలలాడతాయి, స్నూకర్ చట్రంలో పూల్ బంతులు పట్టనే పట్టవు. స్నూకర్‌లో ఇంకో తేడా, మొన రెడ్ స్పాట్ మీద ఉండదు. స్పాట్ పింక్‌ది. రెడ్ దానికి వెనక, తాకకుండా, వీలైనంత దగ్గరగా ఉంటుంది.

ఈమధ్య చట్రం బదులు గుంటలు కత్తిరించిన పల్చని ప్లాస్టిక్ షీటు వాడుతున్నారు. బంతులు గుంటల్లో కూర్చోగానే వాటంతటవే ఒకదానికొకటి ఆనుకుంటాయి. అయితే అందులోనూ ఒక చిక్కుంది. 9-బాల్‌లో ఇంత బిగువు కుదిరితే మూడో వరుస చివరి బంతి, అదే వింగ్ బాల్, బ్రేక్‌లో నేరుగా మూల పాకెట్‌కే దారి పడుతుంది. కొట్టడం వచ్చినవాడికి ప్రతిసారీ ఒక బంతి ఉచితం. అందుకే మోస్కోని కప్ వంటి పోటీల్లో 1 బదులు 9ని స్పాట్ మీద పెట్టి గుంపును ముందుకు జరిపారు. వింగ్ బాల్ దారి మారిపోయింది. మామూలుగా ఆడుకునేవాళ్లకు ఆ బాధ లేదు గనుక 1 స్పాట్ మీద ఉంటే చాలు. షీటు వాడితే మాత్రం బ్రేక్ తర్వాత దాని మీద బంతి లేని మొదటి క్షణంలోనే తీసేయాలి. నెమ్మదిగా దొర్లే బంతి దాని అంచు ఎక్కితే దారి తప్పుతుంది.

సవరించిన బొమ్మ వేయదలిస్తే 8-బాల్‌కు, 9-బాల్‌కు వేర్వేరుగా వేయండి. రంగుల పేజీ దొరకకపోయినా నష్టం లేదు, బంతుల మీద అంకెలు కనపడితే చాలు. 8-బాల్ బొమ్మలో వెనక మూలల్లో ఒకటి 8 కన్నా చిన్న అంకె, ఒకటి పెద్ద అంకె ఉందో లేదో అచ్చుకు పంపే ముందు ఒక్కసారి చూసుకోండి.

ఇట్లు,
కొందరు పూల్ ఆటగాళ్లు, హైదరాబాద్