ఇనుప రేకుల వెనక పూతరేకుల కొట్టు

నమస్కారమండి. "కొట్టు ఎత్తేశారా?" అని ఈ రెండు నెలల్లో చాలామంది ఫోన్ చేసి అడిగారు. ఎత్తేయలేదండి. రాజమండ్రి రైల్వే స్టేషన్ ముందు పనులు జరుగుతున్నాయి కదా, మా కొట్టుకి అడ్డంగా ఇనుప రేకులు నిలబెట్టారు. వాటి వెనకే మేమూ, మా పూతరేకులూ ఉన్నాం. రోడ్డు మీంచి బోర్డు కనపడదు, అంతే. పక్కన ఒక మనిషి పట్టే సందు వదిలారు. సూట్‌కేసుతో అందులోంచి రావడం కష్టమే, ఒప్పుకుంటాను.

ఇవన్నీ రాస్తానంటే మా ఆయన వద్దన్నారు. మన నష్టాల గోల కొనేవాళ్లకెందుకన్నారు. కానీ ఇందులో మా తప్పులు కూడా ఉన్నాయి. అవి మీకు వేరేవాళ్లు చెప్పేకంటే నేను చెప్పడమే నయం.

ముందు బేరాల సంగతి. ఈ కొట్టు పెట్టి 14 ఏళ్లయింది. స్టేషన్ పక్కన ఉన్నాం కాబట్టి బేరాలు వస్తున్నాయని ఇన్నాళ్లూ అనుకున్నాను. ఆటోలు ఆగే చోటు అవతలికి మారాక తెలిసింది, మమ్మల్ని పోషించింది స్టేషన్ కాదు, స్టేషన్ ముందు ఎదురుచూపులని. అమలాపురం వైపు వాళ్లకి ఇప్పటికీ రైలు లేదు. కోటిపల్లి-నరసాపురం లైను మంజూరై పాతికేళ్లు. గౌతమి, వైనతేయ, వశిష్ఠ, మూడు పాయలూ దాటితే గానీ ఆ లైను పూర్తవదు. అందుకని కోనసీమలో ఎవరు హైదరాబాద్ వెళ్లాలన్నా బస్సులో ఆర్టీసీ కాంప్లెక్స్‌కి వచ్చి, అక్కడ ఆటో ఎక్కి స్టేషన్‌కి వస్తారు. దారిలో ఎక్కడ ఆలస్యమవుతుందో అన్న టెన్షన్‌తో గంట, గంటన్నర ముందే దిగిపోతారు. సామాను కింద పెట్టి టీ తాగుతారు. అప్పుడు గుర్తొస్తుంది, ఆఫీసు వాళ్లకి ఏమీ పట్టుకెళ్లడం లేదని. పూతరేకులకి పేరున్న ఆత్రేయపురం మీదుగా వచ్చిన బస్సులో కూర్చుని కూడా అక్కడ దిగడం కుదరక ఇక్కడ మా దగ్గర కొన్నవాళ్లు ఎందరో. ఆ గంటే మా వ్యాపారం. ఇప్పుడు ఆటో దిగినవాళ్లు దిగినట్టే లోపలికి వెళ్లి ప్లాట్‌ఫాం మీద కూర్చుంటున్నారు. రోజుకి 40 పెట్టెలు అమ్మే చోట 15 అమ్మితే ఎక్కువ.

పోయిన నెల చుట్టాల పెళ్లికి హైదరాబాద్ వెళ్లినప్పుడు ఎంజీబీఎస్‌లో బస్సు దిగాను. రోడ్డెక్కి ఆటో బేరమాడే పని లేకుండా నడుచుకుంటూ వెళ్తే మెట్రో స్టేషన్. మియాపూర్-ఎల్బీనగర్ లైనూ, 2020 ఫిబ్రవరిలో మొదలైన జేబీఎస్ లైనూ అక్కడే కలుస్తాయి. పెళ్లికి ఆలస్యమవుతోందని మా ఆయన విసుక్కుంటున్నా నేను ఓ అరగంట అక్కడే నిలబడ్డాను. రైళ్లు చూడ్డానికి కాదు, ఎవరు ఎక్కడ కొంటున్నారో చూడ్డానికి. మెట్రోకి వెళ్లే దారిలో ఒక్కరూ ఆగరు. కాసేపటికో రైలు వస్తుంటే ఎందుకు ఆగుతారు? బస్సు కోసం బెంచీల మీద కూర్చున్నవాళ్లు మాత్రం వేరుశనక్కాయలు, బిస్కెట్లు, పిల్లల బొమ్మలు కొంటూనే ఉన్నారు. అంతమంది జనం పోయే దారి పక్కన కొట్టుంటే చాలనుకున్న నా లెక్క అక్కడ తప్పింది.

మన ఊళ్లో అలా ఒక్కచోట లేదు. రాజమండ్రి స్టేషన్ ఒకటి, గోదావరి స్టేషన్ ఒకటి. బస్సులకి కాంప్లెక్స్, గోకవరం బస్టాండ్, కోటిపల్లి బస్టాండ్. రైలు దిగి బస్సెక్కాలంటే మధ్యలో ఆటో తప్పదు. ఇవన్నీ ఎప్పటికైనా ఒకచోట కలిస్తే ప్రయాణికులకి సుఖమే. మాలాంటి వాళ్ల గతేమిటన్నది ఆ రోజు చూసుకుందాం.

అలాగని పనులు ఆపమని నేను అనను. 2015 పుష్కరాల మొదటి రోజున ఘాట్ దగ్గర తొక్కిసలాటలో పాతికమందికి పైగా పోయారు. ఆ పూట కొట్టు కట్టేసి, స్టేషన్ ముందు తప్పిపోయిన ఇద్దరు పెద్దావిడలని మా బల్ల మీద కూర్చోబెట్టి, వాళ్ల వాళ్లు వచ్చేదాకా మంచినీళ్లు ఇస్తూ ఉన్నాం. 2027లో మళ్లీ పుష్కరాలు. అంత జనం వచ్చే ఊళ్లో స్టేషన్ ముందు చోటు వెడల్పు కావాల్సిందే. కాకపోతే ఇనుప రేకులు కట్టే ముందు రోజైనా ఒక మాట చెబితే బాగుండేది.

ఇక మా తప్పు. పెళ్లిళ్ల రోజుల్లో ఆత్రేయపురంలో మాకు రేకులు తీసే అక్క ఇంట్లో జ్వరాలు వచ్చాయి. రేకు తీయడమంటే ఆషామాషీ కాదు. బోర్లించిన కుండ కింద మంట సమంగా ఉండాలి, పల్చటి బియ్యప్పిండిలో ముంచిన గుడ్డని కుండ మీద ఒక్క లాగు లాగాలి, కాగితం కంటే పల్చగా రేకు లేవాలి. ఆవిడ చేసే పని ఇంకొకరికి ఒక రోజులో రాదు. ఆర్డర్లు ఒప్పేసుకున్నాను కదా అని నేను వేరే ఊరి నుంచి రేకులు తెప్పించి, మూడు రోజులు మా పెట్టెల్లోనే పెట్టి అమ్మాను. అవి మందంగా ఉన్నాయి, పంటికి అంటుకున్నాయి. రుచి సంగతి అటుంచితే, పెట్టె మీద ఆత్రేయపురం అని ఉంది. ఆ పేరుకి 2023లో భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. అది ఆ ఊరి ఆడవాళ్ల చేతి పనికి వచ్చింది. నేను దాని కింద వేరే సరుకు పెట్టాను. తెలియక చేసింది కాదు, తెలిసే చేశాను. ఆరుగురు ఫోన్ చేస్తే డబ్బులు వెనక్కి పంపాను. అడగనివాళ్లు ఇంకా ఉంటారు. పెట్టె పారేసినా పర్వాలేదు, ఆ వారంలో కొన్నామని చెప్పండి చాలు, పంపిస్తాను. ఇకమీదట ఆవిడ దగ్గర రేకులు లేని రోజు మా దగ్గర పూతరేకులు ఉండవు. మామిడి తాండ్ర ఉంటుంది.

రెండోది, కిటికీ దగ్గరికి పార్సిల్ తెచ్చివ్వడం మానేస్తున్నాం. రైలు ఇక్కడ ఆగేది కాసేపే. మీరు ఫోన్లో బోగీ నంబరు చెబితే మా కుర్రాడు పరిగెత్తుకొచ్చి ఇచ్చేవాడు. మీకు అది ఇష్టమని తెలుసు. కానీ అనుమతి లేకుండా ప్లాట్‌ఫాం మీద సరుకు అమ్మకూడదని రైల్వే చట్టంలోనే ఉంది. ఇన్నాళ్లూ చూసీ చూడనట్టు నెట్టుకొచ్చాం. మొన్న కదిలే రైలు పక్కన పరిగెత్తుతూ కుర్రాడు కాలు జారి పడ్డాడు. దేవుడి దయ వల్ల ప్లాట్‌ఫాం వైపే పడ్డాడు. ఆ రాత్రి వాళ్లమ్మ మొహం చూడలేకపోయాను. ఎంత తెలిసినవాళ్లయినా దయచేసి అడగొద్దండి. దూరం వాళ్లకి ఆర్టీసీ కార్గోలో పంపిస్తాం, ఛార్జీ మీదే.

ఎదురుచూసేవాళ్లు ఎక్కడుంటే అక్కడికే వెళ్దామని కాంప్లెక్స్ దగ్గర మా పిన్ని కొడుకు కూల్‌డ్రింక్ షాపులో ఒక మూల అడిగాను. ఒక చిన్న అద్దాల బీరువా పట్టే చోటు ఇచ్చాడు. వచ్చే శుక్రవారం నుంచి తెల్లవారుజామున 4 గంటలకి తెరుస్తాం. అద్దె వద్దన్నాడు గానీ కరెంటు బిల్లులో సగం కడతానన్నాను. చుట్టరికం నిలవాలంటే అదే మంచిది.

నెయ్యి ధర పెరిగింది. బెల్లం పెట్టె 180 నుంచి 200, డ్రైఫ్రూట్ పెట్టె 250 నుంచి 270 చేస్తున్నాం. పంచదార పెట్టె పాత ధరకే. నెయ్యి తగ్గించి పాత ధరకే ఇవ్వచ్చు కదా అని ఒకరన్నారు. అలాంటి పూతరేకు మీరు ఒకసారి కొంటారు, రెండోసారి రారు.

స్టేషన్ దగ్గర పాత కొట్టు కూడా ఉంటుంది, ఉదయం 6 నుంచి రాత్రి 10 దాకా. సందు మొదట్లో కొబ్బరి బొండాల బండి ఉంటుంది, బాబాయిని అడిగితే దారి చూపిస్తారు. పెద్ద సూట్‌కేసు ఉంటే ఆయన దగ్గరే పెట్టి రండి, చూస్తానని ఒప్పుకున్నారు. పనిలో పనిగా ఒక బొండం తాగండి, ఆయన బేరాలు కూడా మాలాగే ఉన్నాయి.