కార్యదర్శి వార్షిక నివేదిక: రావి కొండలరావు గారి ఏడాది

సభ్యులందరికీ నమస్కారం.

మామూలు పనులు ముందు చెప్పేస్తాను. ఉగాదికి పంచాంగ శ్రవణం, చవితికి మట్టి వినాయకుల పంపిణీ, పదో తరగతి పిల్లలకు పుస్తకాలు ఎప్పటిలాగే జరిగాయి. జమాఖర్చుల పట్టిక విడిగా జతచేశాం. మిగతా జాగా అంతా ఫిబ్రవరి 11న జరిగిన సభకే ఇస్తున్నాను.

అది రావి కొండలరావు గారి పుట్టినరోజు. కార్యవర్గంలో ఈ మాట ఎత్తగానే ఇద్దరు కుర్రాళ్లు "ఎవరండీ ఆయన?" అన్నారు. ఫోన్లో ఫొటో చూపిస్తే, "ఓ, ఈయనా! బోలెడు సినిమాల్లో చూశాం కదా" అన్నారు. సుమారు 600 సినిమాల్లో కనిపించిన మనిషి, మన శ్రీకాకుళంలో పెరిగిన మనిషి. ఆయన పేరు మన పిల్లలకే తెలియకపోతే ఎలా? 2020 జులై 28న ఆయన పోయినప్పుడు కరోనా వల్ల ఊళ్లో సంతాప సభ కూడా పెట్టుకోలేకపోయాం. ఆ బాధ నాకు ఇప్పటికీ ఉంది.

1932లో సామర్లకోటలో పుట్టారు. పెరిగిందీ చదివిందీ ఇక్కడే, మన శ్రీకాకుళంలో. 1958లో 'శోభ'తో తెర మీదికొచ్చారు. ఆ తర్వాత తండ్రి, డాక్టరు, మేష్టారు... నాలుగు మాటలు చెప్పి పక్కకు తప్పుకునే వేషాలే ఎక్కువ. భార్య రాధాకుమారి గారూ నటే. తెర మీద కూడా ఇద్దరూ చాలాసార్లు భార్యాభర్తలుగా వేశారు. ఆమె 2012లో వెళ్లిపోయారు.

వేషాలతో పాటు 'విజయచిత్ర' పత్రికలో ఏళ్ల తరబడి పనిచేశారు. నాకు అన్నిటికన్నా గొప్పగా తోచేది ఇదే: తన పేరు ఎవరికి గుర్తుందో లేదో పట్టించుకోకుండా, పాత సినిమావాళ్ల పేర్లు మనం మర్చిపోకుండా రాసిపెట్టారు. ఆయన 'బ్లాక్ అండ్ వైట్' పుస్తకానికి నంది అవార్డు వచ్చింది.

సభలో 'పెళ్లి పుస్తకం' (1991) వేశాం. టైటిల్స్‌లో కథ దగ్గర ఆయన పేరు రాగానే బొమ్మ ఆపాం. ముందు వరసలో కూర్చున్న ఒక పెద్దావిడ లేచి, "ఇన్నేళ్లూ ఈ కథ కూడా బాపు రమణలదే అనుకున్నాను నాయనా" అన్నారు. ఆ కథకూ నంది వచ్చిందని చెబితే హాలంతా చప్పట్లు. 'భైరవద్వీపం'కి మాటలు రాసింది కూడా ఈయనేనని తెలిసి కుర్రాళ్లు నోళ్లు వెళ్లబెట్టారు.

హాలు అన్నాను గానీ, అది గుడి మండపం. ముందే మాట్లాడుకున్న హాలువాళ్లు రెండు రోజుల ముందు కుదరదన్నారు. ఎంత టెన్షన్ పడ్డామో చెప్పలేను. తెరకి ఇళ్లలోంచి దుప్పట్లు వచ్చాయి.

ఆయన రాసిన 'కుక్కపిల్ల దొరికింది' నాటకం మనవాళ్లే వేశారు. రిహార్సల్స్ మేడ మీద. అందరిలోకీ చిన్న వేషం మన రిటైర్డ్ పోస్ట్‌మాన్ గారిది. రోజూ అందరికన్నా ముందు ఆయనే వచ్చేవారు. తన మాటలు రాసుకున్న కాగితం నాలుగు మడతలు పెట్టి చొక్కా జేబులో ఉంచుకునేవారు. ప్రదర్శన నాటికి ఆ మడతల దగ్గర కాగితం చిరిగిపోయింది. వెనక ప్లాస్టర్ అంటించి మళ్లీ జేబులో పెట్టుకున్నారు. స్టేజి మీద ఒక్క అక్షరం తప్పలేదు.

కొండలరావు గారి ఆత్మకథ 'నాగావళి నుంచి మంజీర వరకు' మన గ్రంథాలయంలో ఒక్క ప్రతే ఉంది. సభ అయ్యాక దానికి వరస కట్టారు, రెండోది కొనమని కార్యవర్గాన్ని కోరుతున్నాను.

చివరిగా ఒక అభ్యర్థన. మీ అటకల మీద పాత 'విజయచిత్ర' సంచికలుంటే కాగితాల వాడికి వేసేయకండి. కబురు చేస్తే మన కుర్రాళ్లు వచ్చి తీసుకెళ్లి, పేజీలు స్కాన్ చేసి, వారంలో తిరిగి మీ ఇంటికే తెచ్చిస్తారు.

ఇట్లు,
కార్యదర్శి