శివాలయంలో కొత్త లైట్లు, వైరింగుకు విరాళాల విజ్ఞప్తి

భక్త మహాశయులకు నమస్కారం.

కార్తీక మాసం మొదలయ్యేలోగా ఆలయంలోని లైట్లు, వైరింగు పూర్తిగా మార్చాలని కమిటీ తీర్మానించింది. ఖర్చు 4,00,000 రూపాయలు. దీనితో ఆలయంలో వాడే కరెంటు పెరగదు, బాగా తగ్గుతుంది.

ఇప్పుడు గోపురానికి ఎదురుగా స్తంభం మీద నాలుగు 400 వాట్ల మెటల్ హాలైడ్ ఫ్లడ్‌లైట్లు ఉన్నాయి. వెలుతురు నేరుగా ఎదుటి నుంచి కొడితే నీడ పడదు. నీడ పడకపోతే శిల్పం తేలదు; ద్వారపాలకుడి గద, నంది మెడలోని గంటలు అన్నీ గోడలో కలిసిపోతాయి. వీధిలో వచ్చేవాళ్ల కళ్లు జిగేల్‌మంటాయి. వాటి బదులు 24 వాట్ల ఎల్ఈడీ లైట్లు పది, ఒక్కో అంతస్తు అంచున గోడకు జానెడు దూరంలో, కింది నుంచి పైకి వెలుగు పాకేలా పెడతాం. రోజుకు 5 గంటలు వెలిగితే పాతవి చోకులతో కలిపి సుమారు 8.5 యూనిట్లు తాగుతున్నాయి. కొత్తవాటికి 1.2 యూనిట్లు చాలు.

అంతరాలయం గుమ్మం మీది తెల్ల ట్యూబ్‌లైటు తీసేస్తున్నాం. దర్శనానికి వచ్చినవారి కంట్లో ముందు అదే పడుతుంది, కనుపాప ముడుచుకుంటుంది, వెనకాల స్వామి చీకట్లో ఉండిపోతారు. మిట్టమధ్యాహ్నపు ఎండ లక్ష లక్స్ (వెలుతురు కొలత) దాకా ఉంటుంది; అక్కడి నుంచి లోపలికి వచ్చిన కన్ను సర్దుకోవడానికి కొంత వ్యవధి కావాలి. అందుకని వెలుతురును మెట్లుమెట్లుగా దించుతాం: ముఖమండపంలో 150 లక్స్, అంతరాలయంలో 50, గర్భగుడిలో నూనె దీపాలు, వాటికి తోడు గుమ్మం లోపలివైపు కంటికి కనబడకుండా ఒకే ఒక్క 5 వాట్ల లైటు. హారతి పళ్లెం లేచినప్పుడు లింగం మీది విభూతి రేఖలు, పానవట్టం అంచున జారుతున్న నీటిబొట్టు ఆ హారతి వెలుగులోనే కనబడాలి.

లైట్లన్నీ 2700 కెల్విన్ (అంటే పసుపు ఛాయ వెలుగు), సీఆర్ఐ 90 రకం. రంగులు ఎంత సహజంగా కనిపిస్తాయో చెప్పే కొలత సీఆర్ఐ; దానికి గరిష్ఠం 100. సీఆర్ఐ తక్కువైన చౌక లైట్ల కింద కుంకుమ ఎరుపు చచ్చి ఇటుకపొడిలా కనిపిస్తుంది. తెల్లటి లైట్ల కంటే ఈ పసిమి వెలుగుకు పురుగులు కూడా తక్కువ ముసురుతాయి.

అన్నిటికంటే ఎక్కువ డబ్బు వైరింగుకే, 1,40,000. కంటికి కనబడని ఈ పనికే మీ సాయం ముఖ్యంగా కావాలి. అభిషేకం నీళ్లలో తడి కాళ్లతో భక్తులు నడిచే చోట పాత వైర్లకు ఎర్తు లేదు. కొత్త బోర్డులో కరెంటు లీకైతే వెంటనే సరఫరా ఆపేసే 30 మిల్లీ ఆంపియర్ల ఆర్‌సీసీబీ స్విచ్ ఉంటుంది. న్యూట్రల్ వైరు తెగితే 230 వోల్టులు రావలసిన చోట 400 దాకా వచ్చి, ఎల్ఈడీలకు తగినట్టు కరెంటు మార్చి ఇచ్చే డ్రైవర్లు కాలిపోతాయి కాబట్టి ఓవర్ వోల్టేజి కట్‌ఆఫ్, పిడుగుల కోసం సర్జ్ ప్రొటెక్టర్ పెడతాం. రాతికి ఒక్క మేకు కూడా కొట్టనివ్వం. ఇనుప మేకు తుప్పుపట్టి ఉబ్బితే రాయి పగులుతుంది. స్టీలు పట్టీలు స్తంభాల చుట్టూ బిగించి, కింద రబ్బరు వేయిస్తాం.

మిగతా లెక్క ఇది. గోపురం లైట్లకు 75,000, మండపం, ప్రాకారంలో 24 లైట్లకు 52,800. కోనేటి మెట్లకు 24 వోల్టుల లైట్లు 36, ఒక్కోటి 1,500 చొప్పున 54,000. వంటశాల, అన్నదానం హాలులో గాజు లేని కవర్లతో 12 లైట్లకు 16,800. కూలి 45,000, విడి డ్రైవర్లకు 16,400. కోనేటి లైన్‌కు వేరే స్విచ్ ఉంటుంది. కార్తీక దీపాలు వదిలే వేళ గోపురం లైట్లు ఆర్పి, మెట్ల అంచులు మాత్రం మసకగా కనబడేలా ఉంచుతాం.

ఒక మనవి. దయచేసి లైట్లు కొని తేవద్దు, విరాళం నగదుగానే ఇవ్వండి. ఒక్కొక్కరు ఒక్కో రంగు, ఒక్కో వాటు ఇవ్వడం వల్లే మండపంలో వెలుతురు ఒక్కోచోట ఒక్కోలా తయారైంది. ట్యూబుల మీద దాతల పేర్లు రాయించే అలవాటూ ఇక మానుకుందాం, ఆ అక్షరాల మేర వెలుగు ఆగిపోతోంది. కోనేటి మెట్ల లైటు ఒక్కదాని ఖర్చు ఇచ్చినవారి పేరైనా తూర్పు ప్రాకారంలో రాతి ఫలకం మీద చెక్కిస్తాం.

విరాళాలు ఉదయం, సాయంత్రం పూజల వేళ ఆలయ కార్యాలయంలో ఇచ్చి రసీదు తీసుకోండి. వచ్చిన మొత్తం, కొన్న వస్తువుల బిల్లులు ప్రతి సోమవారం నోటీసు బోర్డులో పెడతాం.

ఇట్లు,
ఆలయ అభివృద్ధి కమిటీ